గాయం మానాక మిగిలే పని: ఆరుబయట కోలుకోవడం

విరిగిన కాలికి వేసిన కట్టు విప్పిన రోజున ఎముక అతుక్కున్న సంగతి ఎక్స్‌రేలో స్పష్టంగానే కనిపిస్తుంది. ఇక నడవవచ్చని డాక్టరు చెబుతారు. అయినా ఇంటికి వచ్చిన మనిషి మర్నాడు గుమ్మం దగ్గర ఆగిపోతారు. రెండో కాలితో పోల్చి చూస్తే పిక్క సన్నబడి ఉంటుంది, చర్మం పొడిబారి పొట్టు రాలుతుంటుంది, చీలమండ ఇదివరకటిలో సగం కూడా వంగదు, బయటికి దిగే మూడు మెట్లకు గోడ పట్టుకోవలసి వస్తుంది. గాయం మానింది, మనిషి కోలుకోలేదు. తెలుగులో ఈ రెండింటికీ వేరువేరు మాటలు ఉండటం మంచిదైంది. మానడం చాలావరకు శరీరం తనంతట తాను చేసుకునే పని; దానికి అవసరమైన వైద్యం అందించి, ఆపైన చెడగొట్టకుండా ఉంటే చాలు. కోలుకోవడం అలా కాదు. అది మనిషి పూనుకుంటేనే జరుగుతుంది, పూనుకోకపోతే ఏళ్ల తరబడి ఆగిపోతుంది కూడా.

ఈ రెండింటి నడుమ ఉన్న ఎడంలోనే ఆరుబయటికి పాత్ర ఉంది. ప్రకృతి గాయాలను మాన్పుతుందని తరచూ వినిపించే మాటను ఉన్నదున్నట్టుగా ఒప్పుకోవడం కష్టం. చెట్టు నీడ ఎముకను అతికించదు, గాలి తెగిన లిగమెంటును (ఎముకలను కలిపి ఉంచే పట్టీని) కుట్టదు. అయితే కొత్తగా మానిన కణజాలానికి కావలసిన రకరకాల బరువు, ఆ బరువును మోయడానికి కావలసిన ధైర్యం, ఈ రెండూ నాలుగు గోడల మధ్య కన్నా బయట సులువుగా దొరుకుతాయి. ఎందుకు దొరుకుతాయో తెలిస్తే ఎంత మోతాదులో తీసుకోవాలో కూడా తెలుస్తుంది.

ముందు కణజాలం సంగతి. దెబ్బ తగిలిన మొదటి కొద్ది రోజులు వాపు, ఎరుపు, వేడి ఉంటాయి. శరీరం చెడిన భాగాన్ని శుభ్రం చేసుకునే దశ అది. తర్వాత కొన్ని వారాలపాటు కొత్త కణజాలం పుడుతుంది గాని, అది అవసరానికి హడావిడిగా అల్లిన తడిక లాంటిది, దానిలోని కొల్లాజెన్ అనే ప్రోటీన్ పోగులు అడ్డదిడ్డంగా ఉంటాయి. మూడో దశలో ఆ పోగులు తెగి, మళ్లీ పుట్టి, బరువు పడే దిశలో వరసగా సర్దుకుంటాయి. ఈ దశ నెలల తరబడి సాగుతుంది, కొన్ని గాయాలలో ఏడాది దాటుతుంది. పోగులు బరువు పడే దిశలో సర్దుకుంటాయన్న ఒక్క విషయం అర్థమైతే తక్కినదంతా అర్థమైనట్టే, ఎందుకంటే ఏ బరువూ పడని కణజాలానికి ఎటు సర్దుకోవాలో తెలిసే దారి లేదు. ఎముక తనపై పడే బరువును బట్టి తన నిర్మాణాన్ని మార్చుకుంటుందని జర్మన్ శస్త్రవైద్యుడు జూలియస్ వోల్ఫ్ 1892లోనే ప్రతిపాదించాడు. దానికి తిరగేసిన రుజువు అంతరిక్షంలో దొరికింది: బరువే లేని చోట వ్యోమగాములు నడుము, తుంటి వంటి భారం మోసే ఎముకలలో నెలకు దాదాపు 1 నుంచి 1.5 శాతం సాంద్రత కోల్పోతారు. మంచానికి అతుక్కుపోయిన మనిషి పరిస్థితి కూడా కొంతవరకు ఇలాంటిదే. రెండు వారాలు కదలకపోతే తొడ కండరం తగ్గడం కొలతకు అందుతుంది.

విశ్రాంతి గురించి వైద్యుల ఆలోచన కూడా ఈ దారిలోనే మారింది. బెణుకులకూ కండరాల గాయాలకూ విశ్రాంతి, ఐసు, బిగుతు కట్టు, ఎత్తులో ఉంచడం అన్న సూత్రాన్ని అమెరికన్ వైద్యుడు గేబ్ మిర్కిన్ 1978లో ప్రచారంలోకి తెచ్చాడు. ఐసూ పూర్తి విశ్రాంతీ గాయం మానడాన్ని ఆలస్యం చేసే అవకాశం ఉందని 2014లో ఆయనే రాశాడు. తాను చెప్పిన మాటను ముప్పై ఆరేళ్ల తర్వాత తానే సవరించుకోవడానికి నిజాయితీ కావాలి. ఆ సవరణ మాత్రం మొదటి మాటంతగా జనంలోకి వెళ్లలేదు. ఇప్పటికీ చాలా ఇళ్లలో గాయపడినవారికి అందే మొదటి సలహా కదలవద్దనే.

కదలాలి సరే, గదిలోనే ఎందుకు కదలకూడదన్న ప్రశ్న వస్తుంది. మొదటి వారాలలో గదే మంచిది. ఫిజియోథెరపిస్టు చూపించిన వ్యాయామాలకు చదునైన నేల, పట్టుకోవడానికి ఆనుడు, పడితే లేపడానికి మనిషి కావాలి. అయితే గది నేలకు ఒక లోపం ఉంది: అది ఎప్పుడూ ఒకేలా ఉంటుంది. ప్రతి అడుగూ ముందటి అడుగుకు నకలే. కండరం బలపడుతుంది గాని, తెలియని నేలను ఎదుర్కొనే నేర్పు రాదు.

ఆ నేర్పు ఎక్కడ ఉంటుందో చూడాలంటే కాలిబాట మీద ఒక్క అడుగును దగ్గరగా గమనించాలి. చెట్టు వేరు ఒకటి నేల పైకి తేలి ఉంది, దాని మీద ఎండుటాకులు కప్పి ఉన్నాయి. మడమ ఆనింది, పాదం బయటి అంచు వేరు మీద పడింది, చీలమండ పక్కకు తిరగడం మొదలైంది. ఆ క్షణంలో లిగమెంటులోనూ కీలు చుట్టూ ఉన్న పొరలోనూ ఉండే సూక్ష్మ గ్రాహకాలు సాగుదలను పసిగట్టి వెన్నుపాముకు కబురు పంపుతాయి, అక్కడినుంచి వచ్చిన ఆజ్ఞతో పిక్క బయటి వైపు కండరాలు బిగుసుకుంటాయి. ఇదంతా జరగడానికి పట్టే కాలం సెకనులో పదిహేనో, ఇరవయ్యో వంతు. ఆ వేగం కూడా చాలదు గనుక అనుభవం ఉన్న పాదం వేరు మీద పడకముందే కొద్దిగా సిద్ధమై ఉంటుంది. బెణికిన చీలమండలో లిగమెంటు మానినా ఈ కబురు వ్యవస్థ మందగించి ఉంటుంది. ఒకసారి బెణికిన కాలే మళ్లీ మళ్లీ బెణకడానికి ఇది ముఖ్యమైన కారణాలలో ఒకటి. తూకం నిలుపుకునే సాధన చేసినవారిలో ఇలా మళ్లీ బెణకడం తగ్గుతుందని పరిశోధనలు చూపించాయి. ఫిజియోథెరపీ గదిలో కదిలే పలక మీద ఒంటికాలితో నిలబెట్టేది ఇందుకే. పచ్చిక, గులకరాళ్లు, వాలు, వేర్లు ఉన్న బాట ఆ పలక చేసే పనినే చేస్తుంది. తేడా ఏమిటంటే, అక్కడ తర్వాతి అడుగు ఎలా ఉంటుందో ముందుగా తెలియదు. తెలియకపోవడంలోనే దాని విలువా, దాని ప్రమాదమూ రెండూ ఉన్నాయి.

కాబట్టి నేలను ఎంచుకునే క్రమం ముఖ్యం. మొదట చదునైన గట్టి బాట, తర్వాత పొట్టిగా కత్తిరించిన పొడి పచ్చిక, ఆ తర్వాత మట్టి దారి, ఆపైనే రాళ్లూ వేర్లూ ఉన్న బాట. వాలు విషయంలో చాలామంది పొరబడతారు. ఎక్కడం ఆయాసం తెప్పిస్తుంది గనుక అదే కష్టమనుకుంటారు, దిగడాన్ని లెక్కచేయరు. నిజానికి దిగేటప్పుడు తొడ ముందరి కండరం సాగుతూనే శరీరాన్ని ఆపవలసి వస్తుంది, మోకాలి చిప్ప మీద ఒత్తిడి పెరుగుతుంది, కండరం మర్నాడు పట్టేస్తుంది. మోకాలి గాయం ఉన్నవారు గుట్ట ఎక్కగలిగామన్న సంతోషంలో దిగవలసిన దారిని మరిచిపోకూడదు. ఇసుక మరో మోసం. మెత్తగా ఉంటుంది గనుక గాయపడిన కాలికి హాయి అనిపిస్తుంది. కాని అదే వేగంతో గట్టి నేల మీద నడవడంతో పోలిస్తే ఇసుకలో నడకకు రెండు రెట్లకు పైగా శక్తి ఖర్చవుతుందని 1998లో ప్రచురితమైన కొలతలు చెబుతున్నాయి, పైగా మడమ లోతుకు దిగడం వల్ల పిక్క మీదా మడమ వెనుక, కండరాన్ని ఎముకకు కలిపే టెండన్ మీదా అదనపు లాగుడు పడుతుంది. చేతికర్ర అవసరమైనవారు దానిని గాయపడిన కాలి వైపు కాక రెండో వైపు చేతిలో పట్టుకోవాలి. అలా పట్టుకుంటేనే అడుగు వేసేటప్పుడు కర్ర, గాయపడిన కాలు కలిసి నేలను తాకి బరువు పంచుకుంటాయి. తోటి మనిషి చేయి కన్నా కర్ర మేలు, ఎందుకంటే అది పక్కకు చూడదు.

ఇక ధైర్యం సంగతి. నొప్పి అంటే గాయపడిన చోటునుంచి మెదడుకు నేరుగా వచ్చే తంతి అని అనుకోవడం సహజం. 1965లో రోనాల్డ్ మెల్జాక్, పాట్రిక్ వాల్ అనే పరిశోధకులు ప్రతిపాదించిన ద్వార సిద్ధాంతం ఆ అభిప్రాయాన్ని మార్చింది. వెన్నుపాములోనే నొప్పి సంకేతాలను పెంచడమో తగ్గించడమో జరుగుతుందని, దానిమీద మెదడు ప్రభావం కూడా ఉంటుందని వారు చెప్పారు. ఆ సిద్ధాంతంలోని వివరాలను తర్వాతి పరిశోధన సవరించినా మూలభావం నిలిచింది. భయం, నిద్రలేమి, నొప్పి మీదే ధ్యాస ఉండటం నొప్పిని పెంచుతాయి. నొప్పి వస్తుందన్న భయంతో కదలడం మానేస్తే కండరాలు బలహీనపడతాయి, బలహీనపడిన కండరాలతో కదిలినప్పుడు మరింత నొప్పి వస్తుంది, అది భయం నిజమేనని నమ్మిస్తుంది. గాయం మానిన ఎందరో ఈ చక్రంలోనే ఇరుక్కుని ఉంటారు. వారికి ధైర్యం లేదని నిందించడం అన్యాయం, ఎందుకంటే ఆ నొప్పి కల్పితం కాదు.

ఈ చక్రాన్ని చెట్టూ ఆకాశమూ ఎంతవరకు తెంచగలవన్న ప్రశ్నకు ఎక్కువగా ఉదాహరించే ఆధారం పరిశోధకుడు రోజర్ ఉల్రిచ్ 1984లో ప్రచురించిన పరిశీలన. అమెరికాలోని పెన్సిల్వేనియాలో ఒక ఆసుపత్రిలో 1972 నుంచి 1981 వరకు పిత్తాశయ శస్త్రచికిత్స జరిగిన రోగుల రికార్డులను ఆయన పరిశీలించాడు. కొందరి కిటికీలోంచి చెట్లు కనిపించేవి, కొందరి కిటికీలోంచి ఇటుక గోడ. వయసు, ఆడామగా తేడా, పొగతాగే అలవాటు వంటివి కలిసేలా 23 జంటలను ఎంచి పోల్చి చూస్తే, చెట్లు కనిపించినవారు శస్త్రచికిత్స తర్వాత సగటున 7.96 రోజులు ఆసుపత్రిలో ఉన్నారు, గోడ కనిపించినవారు 8.70 రోజులు ఉన్నారు. రెండో రోజు నుంచి ఐదో రోజు వరకు చెట్లు కనిపించినవారు గట్టి నొప్పి మందులు తక్కువగా వాడారు. దీనిని చదివేటప్పుడు రెండు సంగతులు మరవరాదు. అది 46 మంది మీద, ఒకే ఆసుపత్రిలో, పాత రికార్డులను బట్టి చేసిన చిన్న పరిశీలన. రెండోది ఇంకా ఆసక్తికరం: మొదటి రోజు నొప్పి మందుల వాడకంలో తేడా లేదు. నొప్పి ఉధృతంగా ఉన్నప్పుడు కిటికీ వైపు చూసే ఓపిక ఎవరికీ ఉండదు. నొప్పి కొంచెం తగ్గి, మనసు దేనినో ఒకదానిని పట్టుకోవడానికి వెతికేటప్పుడే చెట్టు పనికొచ్చింది. ఉల్రిచ్ అంకెల కన్నా ఈ కాలక్రమం నుంచే ఎక్కువ నేర్చుకోవచ్చు. ఆరుబయటికి తీసుకెళ్లడానికి అనువైన వేళ ఏదో అది చెబుతోంది.

మనసు ఇలా పట్టుకునే తీరును మనస్తత్వ పరిశోధకులు రేచల్ కాప్లాన్, స్టీఫెన్ కాప్లాన్ దంపతులు 1989లో వివరించారు. పని మీద బలవంతంగా నిలిపే ధ్యాస అలసిపోతుంది. కదిలే ఆకులు, పారే నీరు, మబ్బులు బలవంతం లేకుండానే చూపును నిలుపుతాయి, ఆ సమయంలో అలసిన ధ్యాస తేరుకుంటుంది. గాయపడిన మనిషి ధ్యాస రోజంతా ఒకే పని మీద ఉంటుంది. కాలు ఎక్కడ పెట్టాలి, ఎంత వంచాలి, ఇప్పుడు వచ్చిన నొప్పి నిన్నటిదేనా, కొత్తదా. గదిలో పది అడుగులు లెక్కపెట్టుకుంటూ నడిచిన మనిషి బయట ఒక పిట్ట ఎగిరిన దిక్కుకు తల తిప్పి చూస్తూ ముప్పై అడుగులు వేసి, వేశామన్న సంగతి తర్వాత గ్రహించడం ఫిజియోథెరపిస్టులకు కొత్త దృశ్యం కాదు. ఆ ముప్పై అడుగులు చక్రాన్ని ఒకచోట తెంచినట్టే. నొప్పి వస్తుందని భయపడిన కదలిక జరిగింది, కీడేమీ జరగలేదు, ఆ సంగతి మెదడుకు చేరింది.

వెలుతురు చేసే మేలు గురించి ఎక్కువ చెప్పనక్కరలేదు. ఇంట్లో దీపాల వెలుగు సాధారణంగా కొన్ని వందల లక్సులు (వెలుతురును కొలిచే ప్రమాణం) దాటదు. మబ్బు పట్టిన పగలు కూడా బయట కొన్ని వేల లక్సులు ఉంటుంది, ఎండలో లక్షకు చేరుతుంది. పగటి వెలుతురు శరీరంలోని గడియారాన్ని సరిచేస్తుంది, రాత్రి నిద్ర కుదురుతుంది; గాఢ నిద్రలో విడుదలయ్యే గ్రోత్ హార్మోన్ కణజాలం బాగుపడటానికి అవసరం. పగలంతా కునుకుతూ రాత్రంతా మేలుకునే గాయపడినవారికి ఉదయపు వెలుతురు మొదటి సాయం. ఎముకకు కావలసిన విటమిన్ డి తయారు కావడానికి ఎండ చర్మానికి నేరుగా తగలాలి, కిటికీ అద్దం లోంచి వచ్చే ఎండలో ఆ పని చేసే కిరణాలు ఉండవు. అలాగని మాడే ఎండలో కూర్చోవలసిన పని లేదు. కొత్త మచ్చ ఎండకు నల్లబడి అలాగే ఉండిపోవచ్చు గనుక దానిని కప్పి ఉంచాలి.

కాలిపై బరువు మోపకూడని కాలంలో నీరు మంచి మధ్యదారి. నడుము లోతు నీటిలో నిలబడితే పాదాలపై పడే బరువు సుమారు సగానికి, ఛాతీ లోతులో సుమారు మూడో వంతుకు, మెడ లోతులో పదో వంతుకు తగ్గుతుంది. పుండు పూర్తిగా మూసుకోకముందు చెరువులోకో నదిలోకో దిగకూడదు. పట్టు దొరకని అడుగు, పారే నీరు ఉన్న చోటు బలహీనమైన కాలికి తగదు.

మోతాదు విషయంలో ఆరుబయటికి ఒక ప్రత్యేకమైన చిక్కు ఉంది. గదిలో అలసిపోతే పక్కనే కుర్చీ ఉంటుంది. బాట మీద అలసిపోయిన చోటినుంచి అంత దూరమూ తిరిగి రావాలి. అందువల్ల అలసటను గుర్తుగా పెట్టుకుని వెనుదిరగడం పొరపాటు. అలసట రాకముందే, ఇంకా బాగానే ఉందనిపించేటప్పుడే తిరగాలి. మొదటి వారాలలో ఇంటి చుట్టూ చిన్న చుట్లు వేయడం దూరం వెళ్లడం కన్నా క్షేమం, ఎందుకంటే ప్రతి చుట్టూ ఇంటి దగ్గరే ముగుస్తుంది. ఎంత నడిచారన్నదానికి తీర్పు ఆ సాయంత్రం కాదు, మర్నాడు ఉదయం చెబుతుంది. నడిచేటప్పుడు పదికి మూడు, నాలుగు మించని నొప్పి ఉండి, మర్నాటికి మామూలు స్థాయికి వచ్చి, వాపు పెరగకపోతే ఆ మోతాదు సరిపోయినట్టు. మర్నాడు కీలు వాచి బిగుసుకుంటే కొన్నాళ్లు తగ్గించాలి, పూర్తిగా మానేయనక్కరలేదు. నిజంగా జాగ్రత్త పడవలసింది బాగున్న రోజున. వాతావరణం బాగుంది, నొప్పి లేదు, ఉత్సాహంగా రెట్టింపు నడిచారు, తర్వాత మూడు రోజులు మంచం దిగలేదు. ఇలా రెండు మూడు సార్లు జరిగితే నడకే పడదన్న నమ్మకం స్థిరపడుతుంది.

కొన్ని గుర్తులు కనిపిస్తే మోతాదు తగ్గించి ఎదురుచూడటం సరిపోదు. పిక్క ఒకవైపే వాచి, వేడెక్కి, నొప్పి పెడుతుంటే రక్తం గడ్డకట్టి ఉండవచ్చు. దానితోపాటు ఆయాసమో ఛాతీ నొప్పో వస్తే క్షణం ఆలస్యం చేయకూడదు. జ్వరం, పుండునుంచి చీము, కొత్తగా వచ్చిన తిమ్మిరి, నిన్నటిదాకా బరువు మోసిన కాలు ఇవాళ మోయకపోవడం కూడా అంతే. తలకు దెబ్బ తగిలినవారి లెక్క వేరు. వారిలో వెలుతురూ కదిలే దృశ్యాలూ తలనొప్పిని పెంచవచ్చు గనుక మొదటి ఒకటి రెండు రోజులు నెమ్మదిగా ఉండి, ఆ తర్వాత లక్షణాలు పెద్దగా పెరగనంత మేర తేలికపాటి నడక మొదలుపెట్టడం ఇప్పుడు వైద్యులు సూచిస్తున్న పద్ధతి.

ఇంతవరకు కాలి గురించే చెప్పడం జరిగింది గాని చేతికి కూడా ఆరుబయట పని ఉంది. మణికట్టు కట్టు విప్పిన తర్వాత రబ్బరు బంతిని నొక్కమంటారు. నొక్కుతారు, విసుగొచ్చి మానేస్తారు. అదే చేతితో కుండీలోని మట్టిని గుల్ల చేస్తే వేళ్లు విడివిడిగా పనిచేస్తాయి. కలుపు మొక్కను వేరుతో సహా లాగాలంటే బొటనవేలు, చూపుడువేలు కలిసి పట్టు బిగించాలి, ఎంత బిగిస్తే కాడ తెగదో చర్మం చెప్పాలి. నీళ్ల చెంబు వంచాలంటే మణికట్టు నెమ్మదిగా తిరగాలి. తడి మట్టి, పొడి మట్టి, ముల్లు, ఆకు నూగు, ఇన్ని స్పర్శలను రబ్బరు బంతి ఇవ్వలేదు. పైగా రేపు కూడా నీళ్లు పోయాలి కాబట్టి రేపు కూడా చేయి కదులుతుంది. వ్యాయామం మానేసేవారు మొక్కను ఎండబెట్టడానికి మాత్రం ఒప్పుకోరు.

గాయం ఎప్పటికీ మానదని తేలిన చోట మానడానికీ కోలుకోవడానికీ ఉన్న తేడా పూర్తిగా బయటపడుతుంది. జర్మనీనుంచి 1939లో శరణార్థిగా బ్రిటన్ చేరిన నాడీవైద్యుడు లుడ్విగ్ గుట్మన్ 1944లో ఇంగ్లండ్‌లోని స్టోక్ మాండవిల్ ఆసుపత్రిలో వెన్నుపాము గాయాల విభాగాన్ని చేపట్టాడు. అప్పటిదాకా యుద్ధంలో వెన్నుపాము దెబ్బతిన్నవారిని మంచంలో పడుకోబెట్టి ఉంచడమే పద్ధతి, వారిలో చాలామంది పుండ్లతోనో మూత్ర సంబంధమైన ఇన్ఫెక్షన్లతోనో త్వరలోనే మరణించేవారు. గుట్మన్ వారిని క్రమం తప్పకుండా పక్కకు తిప్పించాడు, కూర్చోబెట్టించాడు, పని నేర్పించాడు, బయటికి తెచ్చి ఆటలాడించాడు. లండన్ ఒలింపిక్స్ ప్రారంభమైన 1948 జూలై 29నే ఆసుపత్రి పచ్చిక మీద 16 మంది మాజీ సైనికులు, వారిలో స్త్రీలు కూడా, చక్రాల కుర్చీలలో కూర్చుని విలువిద్యలో పోటీపడ్డారు. 1960లో రోమ్‌లో జరిగిన మొదటి పారాలింపిక్స్‌కు దారి అక్కడే పడింది. విలువిద్యను ఎంచుకోవడంలో వైద్యపరమైన ఆలోచన ఉంది. విల్లు లాగడానికి భుజాలు, చేతులు, వీపు పైభాగం బలపడాలి. కాళ్ల ఊతం లేకుండా మొండెం నిలబడాలి. చక్రాల కుర్చీలో బతకడానికి కావలసినవి కూడా సరిగ్గా అవే. బాణం వదిలే వేళ వారి చూపు మాత్రం ఒంటి మీద లేదు, పచ్చిక అవతలి కొసన నిలబెట్టిన గురి మీద ఉంది.